ముందు సీను, ఆ తర్వాతే పాట

సంగీత దర్శకుడు కావాలని కలగనే కుర్రాడిని ‘నీ పని వినిపించు’ అనండి. వెంటనే ఫోన్ తీసి ట్యూన్లు వినిపిస్తాడు. ఒక డ్యూయెట్, ఒక మాస్ పాట, అమ్మ మీద ఒకటి, బోనాల మీద ఒకటి. బాగానే ఉంటాయి కూడా. ‘సరే, ఈ రెండు నిమిషాల సీనుకు ఏం చేస్తావు?’ అని ల్యాప్‌టాప్ ముందు కూర్చోబెడితే మాత్రం తెల్లమొహం వేస్తాడు. సీనులో ఇద్దరు మాట్లాడుకుంటున్నారు, మధ్యలో ఒకరు లేచి వెళ్లిపోయారు, అంతే. ఇక్కడ ట్యూన్ ఎక్కడ పెట్టాలి? అసలు పెట్టాలా?

సిరిసిల్లలోనో, కోరుట్లలోనో, జగిత్యాలలోనో ఇంట్లో ఒక మూల కీబోర్డు పెట్టుకుని రాత్రుళ్లు కుస్తీ పడుతున్న మీకు ఈ అధ్యాయంలో నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. పాటల గుమ్మం దగ్గర జనం కిక్కిరిసి ఉన్నారు. మీరు రీరికార్డింగ్ గుమ్మం వైపు నడవండి.

రీరికార్డింగ్, ఆర్.ఆర్., బీజీఎం, ఎవరు ఏ పేరుతో పిలిచినా పని ఒక్కటే: షూటింగ్, ఎడిటింగ్ అయిపోయిన సినిమాను ముందు పెట్టుకుని, సీను సీనుకూ సంగీతం కట్టడం. రెండున్నర గంటల తెలుగు సినిమాలో పాటలన్నీ కలిపితే ఇరవై, పాతిక నిమిషాలు. మిగతా రెండు గంటల్లో సగానికి పైగా వెనకాల ఏదో ఒకటి మోగుతూనే ఉంటుంది. ప్రేక్షకుడు పేరు పెట్టి పిలవలేని ఆ సంగీతమే అతన్ని కుర్చీలో కూర్చోబెడుతుంది. అయినా మన కుర్రాళ్లు పదిలో తొమ్మిదిమంది ఆ పాతిక నిమిషాల కోసమే తయారవుతారు.

దీని వెనక వ్యాపార లెక్క కూడా ఉంది. పాట అంటే నిర్మాతకు పెట్టుబడి. ఆడియో హక్కుల బేరం, హీరో ఇమేజ్, విడుదలకు ముందు ప్రచారం అన్నీ దాని మీదే నడుస్తాయి. అందుకే కొత్తవాడి చేతిలో పెట్టడానికి భయపడతాడు. ఆర్.ఆర్. సంగతి వేరు. రిలీజ్ తేదీ దగ్గరపడుతుంటుంది, ఎడిటింగ్ ఆలస్యమై ఉంటుంది, సంగీత దర్శకుడి చేతిలో ఇంకో రెండు సినిమాలు ఉంటాయి. ఆ సమయంలో సీను చూసి అర్థం చేసుకుని, పొద్దున అడిగింది సాయంత్రానికి ఇవ్వగలిగిన ప్రోగ్రామర్ దొరికితే అతనికి అప్పటికప్పుడు పని ఉంటుంది. అతని ఊరేదని ఎవరూ అడగరు.

ఇది నా ఊహ కాదు, పెద్దవాళ్ల దారులు చూడండి. మణిశర్మ పేరు పాటలతో మారుమోగకముందే, 1992లో రామ్‌గోపాల్ వర్మ ‘రాత్రి’కి నేపథ్య సంగీతం చేశారు. దయ్యం సినిమాలో భయం సగం చెవిలోంచే పుట్టాలి కాబట్టి అది చిన్న పరీక్ష కాదు. కీరవాణి చక్రవర్తి దగ్గర సహాయకుడిగా పనిచేసిన తర్వాతే 1990లో ‘మనసు మమత’తో సంగీత దర్శకుడయ్యారు. ఆస్కార్ వేదిక మీద నిలబడింది 2023లో. తమన్ చిన్నప్పుడే డ్రమ్స్ పట్టుకుని రికార్డింగ్ థియేటర్లలో అడుగుపెట్టి, ఏళ్ల తరబడి పెద్ద సంగీత దర్శకుల దగ్గర పనిచేశాకే సొంత పేరు వేసుకున్నారు. నాకు బాగా నచ్చే ఉదాహరణ హర్షవర్ధన్ రామేశ్వర్. 2017లో వచ్చిన ‘అర్జున్ రెడ్డి’కి పాటలు రధన్ చేస్తే, నేపథ్య సంగీతం హర్షవర్ధన్‌ది. అదే దర్శకుడితో కలిసి చేసిన ‘యానిమల్’కు 71వ జాతీయ చలనచిత్ర అవార్డుల్లో ఉత్తమ నేపథ్య సంగీత పురస్కారం దక్కింది. జాతీయ అవార్డుల్లో నేపథ్య సంగీతానికి పాటలతో సంబంధం లేకుండా విడిగా పురస్కారం ఇస్తున్నారని మన కుర్రాళ్లలో చాలామందికి తెలియదు. 2009 సినిమాలకు ఇచ్చిన అవార్డుల్లో అది ఇళయరాజాకు, ‘పళశిరాజా’కు వచ్చింది.

సిరిసిల్ల గడ్డ సినిమాకు ఇదివరకే పెద్ద పేరు ఇచ్చింది. హనుమాజీపేటలో పుట్టిన సినారె 1962లో ‘గులేబకావళి కథ’తో పాటల రచయితగా అడుగుపెట్టారు, 1988కి జ్ఞానపీఠం అందుకున్నారు. అక్షరం వైపు నుంచి వచ్చిన పేరు అది. స్వరం వైపు నుంచి ఆ స్థాయి పేరు ఈ గడ్డ నుంచి ఇంకా రావాలి.

బలగం మీ పాఠ్యపుస్తకం

మీ పెరట్లోనే దొరికే పాఠం ఒకటుంది. 2023 మార్చి 3న విడుదలైన ‘బలగం’. దర్శకుడు వేణు యెల్దండి సిరిసిల్ల మనిషి. కథ జరిగిన ఊరు, మాట్లాడిన యాస, చుట్టూ కనిపించిన పొలాలు అన్నీ ఇక్కడివే. సంగీతం భీమ్స్ సిసిరోలియో. ‘ఊరూ పల్లెటూరు’ పాటకు కాసర్ల శ్యామ్‌కు 71వ జాతీయ అవార్డుల్లో ఉత్తమ గీత రచయిత పురస్కారం వచ్చింది.

ఈ సినిమాను మీరు చాలాసార్లు చూసే ఉంటారు, కొన్ని ఊళ్లలో తెర కట్టి మరీ చూశారు కదా. ఇప్పుడు ఏడవకుండా ఒకసారి చూడండి. పక్కన కాగితం, పెన్ను పెట్టుకోండి. సంగీతం ఎక్కడ మొదలైంది, ఎక్కడ ఆగింది, ఎక్కడ అసలు లేదు అన్నది నిమిషాలు, సెకన్లతో సహా రాయండి. సినిమాలో ఇంటి పెద్ద కొమురయ్య పోయాక పిట్టముట్టుడు (కాకి పిండం ముట్టే తంతు) దగ్గర ఇల్లంతా కాకి కోసం ఎదురుచూస్తుంది. మన ప్రాంతంలో పుట్టిన ఎవరికైనా ఆ ఎదురుచూపు ఎలా ఉంటుందో తెలుసు: ఇస్తరి పెట్టి దూరం జరిగి, ఎవరూ గట్టిగా మాట్లాడక, మొగులు వైపు చూస్తూ నిలబడటం. అలాంటి చోట సంగీతం ఎంత ఉండాలో నిర్ణయించడమే సంగీత దర్శకుడి అసలు పని. రాగం ఎంచుకోవడం దాని తర్వాతి మాట.

ఇక చివరి పాట. అది పాత్రలు పాడుకునే పాట కాదు. ఊళ్లోకి వచ్చిన కథకులు పోయిన మనిషి కథను, విడిపోయిన అన్నదమ్ముల కథను వాళ్ల ముఖం మీదే పాడతారు. గంటన్నర పాటు మాటలతో తెగని పంచాయితీ ఆ పాటతో తెగుతుంది. పాడింది వరంగల్ జిల్లా దుగ్గొండికి చెందిన బుడిగ జంగాల కళాకారులు పస్తం మొగిలయ్య, కొమురమ్మ దంపతులు. అదే పాటను హైదరాబాదులో పేరున్న ప్లేబ్యాక్ గాయకుడితో, వెనకాల నలభై వయొలిన్లతో ఊహించుకోండి. సినిమా అక్కడే కూలిపోయేది. ఆ గొంతుల్లోని గరుకు, శ్రుతి అంచున ఊగే ఆ పలుకు, అదే అక్కడ ఆర్కెస్ట్రా. ఎవరితో పాడించాలి, దేన్ని మోగించకూడదు అన్న రెండు నిర్ణయాలు ఆ పాటను నిలబెట్టాయని నా అభిప్రాయం.

భీమ్స్ గురించి ఇంకో మాట. సంగీత దర్శకుడిగా ఆయన తొలి సినిమా ‘నువ్వా నేనా’ 2012లో వచ్చింది. ‘బెంగాల్ టైగర్’ 2015లో. ‘ధమాకా’ 2022 డిసెంబరులో. ఆ వెంటనే బలగం, 2025 సంక్రాంతికి ‘సంక్రాంతికి వస్తున్నాం’. మొదటి సినిమాకూ, జనం పేరు పెట్టి గుర్తుపట్టే రోజులకూ మధ్య పదేళ్లు. ఈ వృత్తిలో మొదటి అవకాశం వస్తే గెలిచినట్టే అనుకుంటారు చాలామంది. మొదటి, మూడో అవకాశాల మధ్య నిలబడటమే కష్టం.

చెవికి సాన

‘మేం పల్లెటూరోళ్లం, మాకు స్టూడియోలు ఎక్కడివి’ అంటారు కొందరు. స్టూడియో లేదు, నిజమే. చెవికి పని మాత్రం ఇక్కడ ఉన్నంత హైదరాబాదులో లేదు. సిరిసిల్లలో సాంచాల (మరమగ్గాల) చప్పుడు మధ్య పుట్టి పెరిగినవాడికి ఆ చప్పుడు వినపడదు. కరెంటు పోయినప్పుడు మాత్రం వినపడుతుంది. వాడ వాడంతా ఒక్కసారి ఆగిపోయి, వంటింట్లో గిన్నె చప్పుడు, వీధి చివర ఎవరో దగ్గిన చప్పుడు బయటికి వస్తాయి. ఆర్.ఆర్.లో నిశ్శబ్దం పనిచేసేది సరిగ్గా ఇలాగే. ముందు మోగుతున్నది ఆగితేనే నిశ్శబ్దానికి బరువు వస్తుంది. సీను మొదటి నుంచీ ఏమీ లేకపోతే అది నిశ్శబ్దం కాదు, సంగీతం మరచిపోయినట్టు ఉంటుంది.

ఈ వారం చేయాల్సిన పని ఇది. ఫోన్‌తో పాటు ఒక చిన్న రికార్డర్ సంపాదించండి, అప్పు తెచ్చుకున్నా సరే. ఎవరైనా ఆసామిని (సాంచాల యజమానిని) అడిగి సాంచాల ఖార్ఖానాలో కాసేపు కూర్చోండి. మరమగ్గం నిమిషానికి ఎన్ని పిక్కులు (అడ్డపోగులు) వేస్తుందో టెంపో యాప్‌లో తట్టి చూడండి, నూరు దాటుతుంది. ఒక సాంచను రికార్డు చేయండి, తర్వాత గది మొత్తాన్ని, తర్వాత గోడ అవతల నుంచి. మూడూ పక్కపక్కన పెట్టి వింటే ‘దగ్గర’, ‘దూరం’ అంటే చెవికి ఏమిటో తెలుస్తుంది. గోడ అవతల కరకర పోయి దుడుదుడు మాత్రమే మిగులుతుంది. మిక్సింగ్ ఇంజినీరు ఈక్వలైజర్‌తో చేసే పని అదే.

తర్వాత మనుషుల దగ్గరికి వెళ్లండి. ఒగ్గుడోలు వాయించేవాళ్లు, బైండ్లవాళ్ల జమిడిక, పెళ్లి డప్పు, సావు డప్పు. ఒకే డప్పు మీద పెళ్లికీ చావుకూ దెబ్బ ఎలా మారుతుందో వాయించే పెద్దమనిషినే అడగండి. ‘తాతా, గీ దెబ్బ ఎందుకు గిట్ల కొడ్తరు?’ అంటే గంటసేపు చెబుతాడు. ఆ గంటకు డబ్బులిచ్చి లేవండి, ఊరికే రికార్డు చేసుకుని రావద్దు. ఈ మాట కింద హక్కుల దగ్గర మళ్లీ వస్తుంది.

కోరుట్ల బస్టాండు సీను

ఒక సీను తీసుకుందాం. దుబాయికి పోతున్న కొడుకును బస్సెక్కించడానికి తండ్రి కోరుట్ల బస్టాండుకు వచ్చాడు. చేతిలో సకినాల సంచి. మాటలు పెద్దగా లేవు. ‘పైలం బిడ్డా.’ ‘సరే బాపు.’ కండక్టరు రైట్ అంటాడు. బస్సు కదులుతుంది, మలుపు తిరుగుతుంది. ఫ్రేములో తండ్రి ఒక్కడే మిగులుతాడు. ఇంకో పది సెకన్లు నిలబడి, వెనక్కి తిరుగుతాడు.

సంగీతం ఎక్కడ మొదలుపెడతారు?

సీను మొదట్లోనే వయొలిన్ తీస్తే, ఇది ఏడుపు సీను అని ప్రేక్షకుడికి ముందే చీటీ రాసి ఇచ్చినట్టు. ఇక తండ్రి మొహం చూడాల్సిన పని అతనికి లేదు. తండ్రి కళ్లు తుడుచుకున్నప్పుడు మొదలుపెడితే, కంటికి కనిపిస్తున్నదాన్నే చెవికీ చెప్పినట్టు. నేనైతే కండక్టరు ‘రైట్’ దగ్గర మొదలుపెడతాను. మాటలు అయిపోయాయి, ఇక చేయగలిగింది ఏమీ లేదు, బస్సు కదులుతోంది. అక్కడ ఒకే ఒక్క స్వరం, చాలా కింద, ఉందా లేదా అన్నట్టు. మలుపు తిరిగి తండ్రి ఒంటరిగా మిగిలిన క్షణానికి రెండో వాద్యం. అతను వెనక్కి తిరిగే లోపల అన్నీ ఆగిపోవాలి. నడిచి వెళ్లే చెప్పుల చప్పుడు బస్టాండు రొదలో వినపడాలి.

మీరు వేరేలా చేయవచ్చు. కానీ ఎందుకు అక్కడే అన్నదానికి మీ దగ్గర జవాబు ఉండాలి. దర్శకుడు అడుగుతాడు.

ఇప్పుడు లెక్క. కండక్టరు రైట్ అన్నప్పటి నుంచి తండ్రి ఒక్కడే మిగిలే షాట్ దాకా 23 సెకన్లు అనుకుందాం. మీ చేతికి అలవాటైన టెంపో నిమిషానికి 90 బీట్లు. ఆ టెంపోలో 23 సెకన్లకు ముప్పై నాలుగున్నర బీట్లు వస్తాయి. అంటే తండ్రి ఒంటరి అయ్యే క్షణం బీటుకూ బీటుకూ మధ్యలో పడుతుంది. చూసేవాడికి ఏదో తేడా కొడుతుంది, ఏమిటో చెప్పలేడు. టెంపో 94 చేయండి. 36 బీట్లు 22.98 సెకన్లలో పూర్తవుతాయి. నాలుగు బీట్ల బార్లు తొమ్మిది అయిపోయి, పదో బారు మొదటి దెబ్బ సరిగ్గా ఆ షాట్ మీద పడుతుంది, తేడా సగం ఫ్రేము. లేదా 83.5 పెట్టండి. 32 బీట్లు, ఆదితాళంలో నాలుగు ఆవర్తనాలు, అదే చోటికి చేరుతుంది. నేను రెండోదే ఎంచుకుంటాను, తండ్రి తొందరలో లేడు.

సినిమా సెకనుకు 24 ఫ్రేములు. కాబట్టి 1440ని టెంపోతో భాగిస్తే ఒక బీటుకు ఎన్ని ఫ్రేములో వస్తుంది: 60కి 24, 72కి 20, 90కి 16, 120కి 12. ఈ నాలుగూ నోటికి రావాలి. ఎడిటరు ‘ఆరు ఫ్రేములు ముందుకు జరిగింది’ అని ఫోన్ చేసినప్పుడు మీరు తడుముకోకూడదు. ఎడిటర్లు ఎప్పుడూ ఫోన్ చేస్తారు. రాత్రి పదకొండు తర్వాత చేస్తారు.

దెబ్బ ప్రతిసారీ షాటు మీదే పడాలని కాదు. ప్రతి కట్‌కూ ధన్ మనిపిస్తే కార్టూన్ అవుతుంది. ఎక్కడ పడాలో తెలిసినవాడే ఎక్కడ తప్పించాలో నిర్ణయించగలడు.

మాటల కింద సంగీతం ఇంకో విద్య. మనిషి మాట అర్థం కావడానికి కావలసిందంతా దాదాపు 300 నుంచి 3400 హెర్ట్జ్ మధ్యలోనే ఉంటుంది. పాత టెలిఫోన్ ఆ మేరకే మోసేది. తండ్రి ‘పైలం బిడ్డా’ అంటున్నప్పుడు అదే ఎత్తులో వేణువో వయొలినో పాడితే రెండూ కొట్టుకుంటాయి, మిక్సింగ్‌లో ఓడిపోయేది మీ సంగీతమే. మాట కింద వాద్యాన్ని బాగా కిందికో పైకో జరపండి, మాటకూ మాటకూ మధ్య ఉన్న ఖాళీలో స్వరం కదపండి. డప్పు, డోలు లాంటివి మాటల మీద అసలు వద్దు. ఒగ్గు కథలో చూడండి, కథకుడు వచనం చెబుతుంటే డోళ్లు తగ్గి నిలబడతాయి, అతను మాట ముగించి ఊపిరి తీసుకున్నప్పుడు లేస్తాయి. మనవాళ్లకు ఇది ఎప్పటినుంచో తెలుసు.

దర్శకుడి భాష

కొత్త దర్శకుడు మీతో రాగాల్లో మాట్లాడడు. ‘ఇంకొంచెం ఫీల్ కావాలి బ్రో’ అంటాడు. ‘ఏదో మిస్సవుతోంది’ అంటాడు. దీనికి చిరాకు పడితే ఈ వృత్తిలో రెండో సినిమా ఉండదు. అతన్ని సంగీతం గురించి అడగొద్దు, కథ గురించి అడగండి. ఈ సీను తండ్రి వైపు నుంచి వినిపించాలా, కొడుకు వైపు నుంచా? ప్రేక్షకుడికి ఇప్పటికి ఏం తెలుసు, ఏం తెలియదు? సీను అయ్యేసరికి అతను ఎవరి మీద జాలి పడాలి? ఈ మూడింటికి జవాబు వస్తే మీ పని సగం తేలికవుతుంది. కొన్నిసార్లు ఈ ప్రశ్నలకు దర్శకుడి దగ్గరే జవాబు ఉండదు. అప్పుడు మీ విలువ ఇంకా పెరుగుతుంది, కాకపోతే దాన్ని పైకి చూపించకండి.

ఇంకో చిక్కు, ఎడిటింగ్ టేబుల్ మీద తాత్కాలికంగా అతికించే పరాయి సంగీతం. ఎడిటరు ఏదో ఇంగ్లిష్ సినిమా ముక్క తెచ్చి సీను కింద వేస్తాడు. దర్శకుడు మూడు నెలలు దాన్ని వింటూ దానితో ప్రేమలో పడతాడు. తర్వాత మీరు ఏం చేసినా అది కాదంటాడు. కుదిరితే ఎడిటింగ్ మొదలైనప్పుడే మీ సొంత ముక్కలు నాలుగైదు పంపండి, వాటినే వేసుకోమనండి. అప్పటికే ఆలస్యమైతే ఆ సంగీతంలో ఏం నచ్చిందో తవ్వండి. చాలాసార్లు అది ట్యూన్ కాదు, వేగమో, ఎక్కడ ఆగిందో, అంతే. వేగం ఉంచుకుని ట్యూన్ పారేయండి. ట్యూన్ కాపీ కొట్టారో, విడుదలైన సాయంత్రానికి ఎవరో రెండూ పక్కపక్కన పెట్టి వీడియో చేస్తారు.

ఫైళ్లు ఇచ్చే పద్ధతి విసుగు పుట్టించేదే, అయినా మిమ్మల్ని మళ్లీ పిలవాలా వద్దా అన్నది అక్కడే తేలుతుంది. సినిమాకు 48 కిలోహెర్ట్జ్, 24 బిట్. పాటలకు అలవాటైన 44.1లో పంపితే మిక్సింగ్ థియేటర్లో తిట్లే. తంత్రులు, తాళవాద్యాలు, బేస్, సోలో వేర్వేరు ఫైళ్లుగా, అన్నీ ఒకే చోట మొదలయ్యేలా ఇవ్వాలి. పేరులో రీలు నంబరు, ఆ రీలులో ఎన్నో ముక్క, ఎన్నో వెర్షన్, మూడూ ఉండాలి. ‘ఫైనల్’, ‘ఫైనల్ కొత్తది’, ‘నిజంగా ఫైనల్’ అని పేర్లు పెట్టేవాడిని ఏ ఇంజినీరూ రెండోసారి పిలవమని చెప్పడు.

డబ్బు, కాగితం

చిన్న సినిమాలకు ఎక్కువగా ప్యాకేజీ మాట్లాడతారు. ఒక మొత్తం మీ చేతికి ఇస్తారు. వాద్యకారులు, గాయకులు, స్టూడియో, మిక్సింగ్ అన్నీ అందులోంచే. సంతోషంలో తలూపేయకండి. ముందు వాద్యకారుల డబ్బు పక్కన పెట్టండి, తర్వాత స్టూడియో, మిగిలిందే మీది. మిగలకపోతే బేరం తప్పు. మొత్తం కంప్యూటర్లోనే చేసి డబ్బు మిగుల్చుకుందామన్న ఆశ పుడుతుంది. ఒక్క నిజమైన వాద్యమైనా పెట్టండి. కంప్యూటరు వయొలిన్ల మధ్య ఒక్క మనిషి వాయించిన వయొలిన్ ఉంటే మొత్తానికి ప్రాణం వస్తుంది.

హక్కుల సంగతి తెలియక నష్టపోయినవాళ్లు పరిశ్రమ నిండా ఉన్నారు. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించారు. సినిమా హాల్లో సినిమాతో పాటు వినిపించినప్పుడు తప్ప, మీ సంగీతాన్ని ఇంకే రూపంలో వాడినా వచ్చే రాయల్టీలో సమాన వాటా స్వరకర్తకు ఉంటుంది. వారసులకో కాపీరైట్ సొసైటీకో తప్ప ఆ హక్కును ఇంకెవరికీ వదులుకోవడం కుదరదు, వదులుకుంటున్నట్టు ఒప్పందంలో రాయించుకున్నా చెల్లదు. ఈ డబ్బు వసూలు చేసి పంచేది 1969లో ఏర్పడిన ఐ.పి.ఆర్.ఎస్. అందులో సభ్యత్వం తీసుకోండి. ప్రతి సినిమాకూ క్యూషీటు తయారుచేసి పెట్టుకోండి: ఏ ముక్క, ఎన్ని నిమిషాల ఎన్ని సెకన్లకు మొదలై ఎంతసేపు ఉంది, స్వరకర్త ఎవరు. మీరు కాగితం ఇవ్వకపోతే మీ వాటా ఎంతో ఎవరూ లెక్క కట్టలేరు. పాట ఒక్కటే సంగీతం అనుకుని ఆర్.ఆర్.ను నమోదు చేయనివాళ్లు ఇప్పటికీ ఉన్నారు.

జానపదం దగ్గర ఇంకా జాగ్రత్త. మన ప్రాంతంలో యూట్యూబ్ జానపద పాటల జోరు అందరికీ తెలిసిందే. ఎవరో అవ్వ పాడిన బాణీ తీసుకుని, కింద బీట్ వేసి, సంగీతం ఫలానా అని సొంత పేరు వేసుకోవడం మామూలైపోయింది. పాడిన మనిషి పేరు టైటిల్స్‌లో వేయండి, డబ్బు కాగితం మీద రాసి ఇవ్వండి. బలగం చివరి పాటతో ఇంటింటికీ తెలిసిన మొగిలయ్య అనారోగ్యంతో, వైద్యానికి పదిమంది సాయం మీద ఆధారపడాల్సి వచ్చింది. 2024 డిసెంబరులో కన్నుమూశారు. ఇందులో తప్పు ఎవరిదని నేను అనడం లేదు. ఒక పాటతో వచ్చే పేరు ఎంత పెద్దదైనా అది నెలనెలా వచ్చే జీతం కాదు, పాడేవాళ్లకైనా మీకైనా. 2012 సవరణ గాయకులకూ రాయల్టీ హక్కు ఇచ్చింది, వాళ్లకు ఆ సంగతి చెప్పేవాళ్లు తక్కువ. మీరు చెప్పండి.

ఎప్పుడు ఎక్కాలి బస్సు

హైదరాబాదు కృష్ణానగర్‌లో గది తీసుకోవడం ఇప్పుడే అక్కర్లేదు. అక్కడ అద్దె కట్టడానికే నెల మొత్తం పనిచేస్తూ కీబోర్డు ముట్టని కుర్రాళ్లు ఎంతమందో. ఆర్.ఆర్. ఇప్పుడు ఫైళ్ల మీద నడిచే పని. సిరిసిల్లలో కూర్చుని చేసినది ఇంటర్నెట్‌లో పంపొచ్చు. అవసరమైన రోజు సిద్దిపేట మీదుగా హైదరాబాదు జేబీఎస్‌కు మూడు, మూడున్నర గంటలు. ఇంట్లోవాళ్లను ఒప్పించడం కూడా ఈ దారిలో కొంత తేలిక. ‘బాపూ, అన్ని విడిచిపెట్టి పోత’ అంటే ఏ తండ్రి ఒప్పుకుంటాడు? ‘పని చేసుకుంట రాత్రిపూట నేర్చుకుంట, ఏడాది చూడు’ అంటే గొణుగుతూనే ఊకుంటాడు.

ఆ ఏడాదిలో షార్ట్ ఫిల్ములు చేయండి, జీతం లేకపోయినా సరే, నాలుగైదింటి వరకు. ఆ తర్వాత ఊరికే చేయొద్దు. ఊరికే చేసేవాడన్న పేరు ఒకసారి వచ్చిందంటే పోదు. స్వరాలు చదవడం, రాయడం నేర్చుకోండి. వయొలిన్ వాయించేవారి ముందు కాగితం పెట్టగలిగితే స్టూడియో గంటలు సగానికి తగ్గుతాయి. కర్ణాటక స్వరాలైనా పర్వాలేదు, ఏదో ఒక లిపి రావాలి.

మొదటిసారి ఒక దర్శకుడిని కలవడానికి వెళ్లినప్పుడు ట్యూన్ల ఫోల్డరు ఇంట్లో పెట్టి వెళ్లండి. మూడు సీన్లు చాలు, ఒక్కోటి రెండు నిమిషాల లోపు: ఒకటి మాటలున్నది, ఒకటి మాటల్లేనిది, మూడోది సంగీతం లేకుండా మొదలై మధ్యలో సంగీతం వచ్చేది. మీరు సంగీతం చేసిన సీను, దాని పక్కనే అదే సీను సంగీతం లేకుండా. మంచి హెడ్‌ఫోన్స్ మీవే తీసుకెళ్లండి, వాళ్ల ఆఫీసు స్పీకర్లను నమ్మొద్దు. ప్లే చేసి మాట్లాడకుండా కూర్చోండి. ఇక్కడ ఫలానా రాగం వేశాను సార్ అని మధ్యలో అనొద్దు. చూశాక ఆయన ‘పాటలున్నాయా?’ అని అడుగుతాడు, అందరూ అడుగుతారు. ‘ఉన్నయి సార్, తర్వాత వినిపిస్త. మీ సినిమాల ఎడిటింగ్ అయిపోయిన సీను ఒక్కటి ఇవ్వండి’ అనండి. చాలామంది ఇవ్వరు, ఇంకో రోజు చూద్దామంటారు. ఇచ్చినవాడి దగ్గర సీను హార్డ్ డిస్కులో వేసుకుని, ఏ వెర్షనో, ఎప్పటి ఎడిటో కాగితం మీద రాయించుకుని, అదే రోజు సాయంత్రం బస్సు ఎక్కండి. శుక్రవారం కావాలన్నాడా, గురువారం రాత్రికి రెండు వెర్షన్లు పంపండి. ఒకటి ఆయన అడిగినట్టు, ఇంకొకటి మీకు తోచినట్టు. ఆయన అడిగినదే మొదటి ఫైలుగా పెట్టండి.